మినహాయింపు సర్కారు బిడ్డలకేనా?

మెడికల్ సీట్ల స్థానికత కేసులో రాష్ట్ర ప్రభుత్వం, కాళోజీ ఆరోగ్య విశ్వవిద్యాలయం నెగ్గాయి. స్థానిక కోటాలో సీటు కావాలంటే ఇంటర్ దాకా వరుసగా నాలుగేళ్లు తెలంగాణలోనే చదివి ఉండాలన్న నిబంధన చెల్లుతుందని సుప్రీంకోర్టు అప్పటి ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ బి.ఆర్. గవాయ్, జస్టిస్ కె. వినోద్ చంద్రన్‌ల ధర్మాసనం 2025 సెప్టెంబరు 1న తేల్చింది. హైకోర్టు తీర్పును కొట్టేసింది. తీర్పును శిరసావహిస్తాం. ఈ అప్పీలు నడిపిన తీరును మాత్రం ఒప్పుకోలేం.

2024 మే 5న పిల్లలు నీట్ రాశారు. ఈ నిబంధన తెచ్చిన జీవో 33 వచ్చింది జులై 19న. పరీక్ష అయిపోయాక! హైదరాబాద్‌లో పుట్టి, పదో తరగతి దాకా ఇక్కడే చదివి, ఇంటర్‌కు విజయవాడలో హాస్టల్లో చేరిన అమ్మాయి సంగతి చూడండి. ఫైల్లో ఆమె స్టడీ సర్టిఫికెట్లన్నీ తెలంగాణవే, ఆఖరి రెండు తప్ప. ఆ రెండు కాగితాలతో సొంత ఊళ్లోనే పరాయిదైపోయింది.

ఈ నిబంధన శాశ్వత నివాసులకు వర్తించదని, వాళ్లెవరో తేల్చడానికి మార్గదర్శకాలు తయారుచేయాలని హైకోర్టు సెప్టెంబరు 5న చెప్పింది. మార్గదర్శకాలు రాయమంటే ప్రభుత్వం అప్పీలు రాసుకుని ఢిల్లీ వెళ్లింది. అక్కడ, హైకోర్టుకెక్కిన 135 మందికి మాత్రం ఆ ఒక్క ఏడాదికి మినహాయింపు ఇస్తామంది. మరి అదే ర్యాంకు, అవే సర్టిఫికెట్లు ఉండి, లాయరు ఫీజుకు డబ్బుల్లేక ఇంట్లోనే ఉండిపోయిన పిల్లల మాటేమిటి?

అంతకన్నా బాధపెట్టేది ఇంకోటుంది. రాష్ట్రం బయట పనిచేసిన తెలంగాణ ప్రభుత్వోద్యోగుల పిల్లలకు, ఈ కేడర్ అఖిల భారత సర్వీసు అధికారుల పిల్లలకు, ఇక్కడి నుంచి వెళ్లిన సైనికుల పిల్లలకు, బదిలీలుండే ప్రభుత్వ సంస్థల ఉద్యోగుల పిల్లలకు సడలింపు ఇస్తామని ప్రభుత్వమే సుప్రీంకోర్టు ముందు పెట్టింది. అంటే మార్గదర్శకాలు రాయడం చేతకాక కాదు. తనవాళ్ల కోసం రాసింది.

సిరిసిల్ల నుంచి భివండీకో, సూరత్‌కో మగ్గం పనికి వెళ్లిన తండ్రికి ఏ బదిలీ ఉత్తర్వు ఇస్తారు? ఊళ్లో పని లేక పెళ్లాం పిల్లలతో రైలెక్కాడు. పిల్లాణ్ని అక్కడి బడిలోనే వేశాడు. ఓటు, రేషన్ కార్డు, ముసలి తల్లి ఇక్కడే. బిడ్డ మాత్రం స్థానికేతరుడు. ఐఏఎస్ అధికారి ఢిల్లీలో ఉంటే సేవ, నేత కార్మికుడు భివండీలో ఉంటే వలస పోయిన నేరమా?

రాష్ట్రం సొమ్ముతో కట్టిన కాలేజీల్లో రేపు ఇక్కడే వైద్యం చేసే పిల్లలకు సీట్లు దక్కాలన్న వాదనలో న్యాయముంది. స్థానికులకు చదువు, ఉద్యోగాల్లో అవకాశాలు కాపాడే రాజ్యాంగం 371డి అధికరణం కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వుల ఉద్దేశమూ అదే. కానీ సర్కారు జీతం తీసుకునేవారి ఇంటికొచ్చేసరికి ఆ న్యాయం ఎందుకు సడలింది? కోర్టుకెక్కిన వారికి ఒక రూలు, ఉద్యోగులకు ఒక రూలు, కూలీకి ఇంకో రూలు. రేపు ప్రతి విశ్వవిద్యాలయమూ ఇదే దారి పడుతుంది: రూలు మార్చు, ఓడితే అప్పీలుకెళ్లు, కేసు వేసినవాళ్లకు ఏదో ఒకటి ఇచ్చి నోరు మూయించు.

వచ్చే ఏడాది నీట్ దరఖాస్తులు మొదలయ్యేలోగా, బతుకుతెరువు కోసం బయటికెళ్లిన ప్రతి తెలంగాణ కుటుంబానికీ అదే సడలింపు ఇస్తూ జీవో తేవాలి. సొంత ఉద్యోగుల కోసం నాలుగు కేటగిరీలు రాయగలిగిన కలానికి ఐదోది రాయడం బరువా? ఇది కూడా కోర్టు చెబితేగానీ చేయరా?