గరిటె పట్టినవాడి గోడు

నవలా రచయితల వల్ల పరువు పోగొట్టుకున్నవాళ్ల జాబితా రాయాల్సి వస్తే, మొదటి పేరు ఇంగ్లండు వర్క్‌హౌస్ అధికారులదే. వర్క్‌హౌస్ అంటే నిరుపేదల్ని లోపల పెట్టి, పని చేయించుకుని తిండీ గూడూ ఇచ్చే సర్కారు ఇల్లు. పాపం, 1834లో అక్కడి పార్లమెంటు ఎంతో ఆలోచించి పేదల చట్టాన్ని సవరించింది. అప్పులు లేని ఖజానా, బద్ధకం లేని పేదలు, ఊరికో నిబంధన లేని పాలన. అన్నీ కుదిరాయి అనుకుంటుండగా 1837లో డికెన్స్ అనే పాతికేళ్ల కుర్రాడు తన నవలలోని వర్క్‌హౌస్ పిల్లాడు ఆలివర్ ట్విస్ట్ చేతికి గిన్నె ఇచ్చి, ఇంకొంచెం గంజి పెట్టమని అడిగించాడు. అంతే. అప్పటినుంచి లోకమంతా ఆ గిన్నెలోకే చూస్తోంది. గరిటె పట్టుకున్నవాడి కష్టం అడిగిన నాథుడు లేడు.

అసలు ఆ అధికారులకి అప్పగించిన పని ఎంత కష్టమో చూడండి. చట్టానికి ముందు వేసిన రాయల్ కమిషన్ ఒక సూత్రం చెప్పింది: సర్కారు సాయం మీద బతికేవాడి స్థితి, బయట కూలి చేసుకునే నిరుపేద స్థితి కన్నా ఒక మెట్టు కిందే ఉండాలి. కాగితం మీద బాగానే ఉంది. తీరా చూస్తే బయట పల్లెకూలీ అప్పటికే ఆఖరి మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. వాడి కన్నా తక్కువ పెడితే లోపలివాడు చచ్చి ఊరుకుంటాడు, రికార్డు పాడవుతుంది. అందుకని తిండిలో తగ్గించలేనిది మిగతావాటిలో తగ్గించారు. మొగుణ్ని ఒక వార్డులో, పెళ్లాన్ని ఇంకో వార్డులో, పిల్లల్ని మరో వార్డులో పెట్టారు. అందరికీ ఒకటే యూనిఫాం. పనంటారా, రాళ్లు కొట్టడం, పాత ఓడ తాళ్లని వేళ్లతో పీచు పీచుగా విప్పడం. అరవై దాటిన దంపతులు కావాలంటే ఒకే గదిలో ఉండొచ్చని 1847లో వెసులుబాటు ఇచ్చారు. ఆ వయసులో ఇక జనాభా పెరిగే ప్రమాదం లేదని నిర్ధారించుకునే ఇచ్చి ఉంటారు, అధికారులు తొందరపడే రకం కాదు.

డికెన్స్ అతిశయోక్తులు రాశాడని ఊరికే అనడం లేదు, సైన్సే చెప్పింది. రోజుకి మూడు పూటలా పల్చటి గంజి, వారానికి రెండుసార్లు ఒక ఉల్లిపాయ, ఆదివారం సగం రొట్టె అని ఆయన నవలలో రాశాడు. 2008లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో కొందరు పరిశోధకులు కూర్చుని లెక్కలు కట్టారు. నవలలో తిండి తింటే ఏ పిల్లాడైనా జబ్బు పడతాడు కానీ, అప్పటి అధికారిక పట్టికల్లో ఉన్న తిండి తొమ్మిదేళ్ల పిల్లాడికి సరిపోతుందని తేల్చారు. రుచీ పచీ లేకపోయినా చాలుతుందట. చూశారా? పట్టిక ప్రకారం ఆకలి లేదు. ఇక పట్టికలో ఉన్నది పళ్లెంలోకి వచ్చిందా లేదా అన్నది వంటింటి విషయం, దాన్ని విధానానికి అంటగట్టకూడదు.

ఆ వంటింటి విషయం ఒకటి ఆండోవర్‌లో బయటపడింది. హాంప్‌షైర్‌లోని చిన్న ఊరు అది. అక్కడి వర్క్‌హౌస్ మాస్టర్, అంటే దాన్ని నడిపే అధికారి, మెక్‌డూగల్ మాజీ సార్జెంటు, వాటర్లూ యుద్ధంలో పోరాడినవాడు. క్రమశిక్షణకి ఇంతకన్నా అర్హత ఏం కావాలి! అక్కడ మగవాళ్లకి ఇచ్చిన పని, పశువుల ఎముకల్ని ఎరువు కోసం దంచి పొడి చేయడం. 1845లో ఒక దుర్వార్త గుప్పుమంది. దంచడానికి ఇచ్చిన ఎముకల్ని వాళ్లు చీకుతున్నారట. లోపలి మూలుగ కోసం, అంటుకుని ఉన్న కండ ముక్క కోసం పోట్లాడుకుంటున్నారట. మరుసటి ఏడాది పార్లమెంటు కమిటీ విచారిస్తే, పట్టికలో ఉన్న తిండి కూడా పూర్తిగా పెట్టలేదని తేలింది. పాలనాపరంగా చూస్తే ఇది చాలా తీవ్రమైన నేరమే, ప్రభుత్వ ముడిసరుకుని కూలీలు తినేయడం. కానీ పత్రికలు రెండోవైపు నుంచి చూశాయి. ఎముకల పని నిషేధించారు. ఆఖరికి 1847లో పేదల చట్టం కమిషన్‌ని రద్దు చేసి, దాని స్థానంలో ఒక బోర్డు పెట్టారు. వర్క్‌హౌస్‌ల జోలికి మాత్రం ఎవరూ పోలేదు. ఏ దేశంలోనైనా జరిగేది అదేగా.

ఆ ఇళ్లు ఇప్పుడు ఎలా ఉన్నాయో కూడా చెప్పాలి. 1896లో లండన్‌లోని లాంబెత్ వర్క్‌హౌస్‌లో తల్లితో, అన్నతో కలిసి ఒక ఏడేళ్ల పిల్లాడు చేరాడు. పేరు చార్లీ చాప్లిన్. ఆ ప్రాంగణంలో ఈరోజు సినిమా మ్యూజియం నడుస్తోంది. 1824లో కట్టిన సౌత్‌వెల్ వర్క్‌హౌస్‌ని జనం టికెట్ కొనుక్కుని చూసొస్తున్నారు. గేటు చూస్తేనే జనం వెనక్కి తిరిగిపోవాలని కట్టిన ఇల్లు అది. పథకం నిజంగా ఫెయిలైంది ఇక్కడే.

ఇంగ్లండు గొడవ మనకెందుకు అంటారా? ఆ సూత్రం ఓడెక్కి మన దాకా వచ్చింది. 1876 నుంచి రెండేళ్ల పాటు బళ్లారి, కర్నూలు, కడప జిల్లాలు కరువుతో అల్లాడుతుంటే, మద్రాసు ప్రెసిడెన్సీలో ఖర్చు అదుపు చేయమని వైస్రాయి సర్ రిచర్డ్ టెంపుల్‌ని పంపాడు. ఆయన సామాన్యుడు కాదు. అంతకు ముందు 1874 బీహారు కరువులో బర్మా నుంచి లక్షల టన్నుల బియ్యం తెప్పించి జనాన్ని చావకుండా కాపాడాడు. అందుకు ఆయన మీద దుబారా చేశాడన్న ముద్ర పడింది. తెలివైనవాడు, రెండోసారి ఆ తప్పు చేయలేదు. కరువు సాయం క్యాంపులో రోజంతా మట్టి మోసిన మగాడికి ఒక పౌను ధాన్యం, ఒక అణా చాలన్నాడు. అంటే అరకిలో కన్నా తక్కువ. సాయం రుచించకపోతేనే నిజంగా అవసరమున్నవాడు మిగులుతాడన్న పాత వర్క్‌హౌస్ లెక్కే ఇది. మద్రాసులో ప్రజారోగ్యం చూసే శానిటరీ కమిషనర్ డాక్టర్ కార్నిష్ మాత్రం ఒప్పుకోలేదు. ఆ తిండితో పనిచేసే మనిషి క్షీణించి పోతాడని రాతపూర్వకంగా వాదించాడు. కొన్ని నెలలకి మద్రాసు ప్రభుత్వం కూలి కొంత పెంచింది. టెంపుల్ గారు అప్పటికి మద్రాసులో లేరు. 1877లోనే ఆయన్ని బొంబాయికి గవర్నరుగా వేశారు.