జేమ్స్ మోగా అంటే గోల్స్ లెక్కేనా?

సౌత్ సూడాన్ ఫుట్‌బాల్ స్ట్రైకర్ జేమ్స్ మోగా గురించి మీ వ్యాసంలో గోల్స్ లెక్క, స్పోర్టింగ్ గోవా, పుణె, ఈస్ట్ బెంగాల్ అని ఆయన ఆడిన మన దేశపు క్లబ్బుల పేర్లు చెప్పి వదిలేశారు. అసలు విషయం అక్కడే మిగిలిపోయింది. ఆయన మొదట సూడాన్ తరఫున ఆడాడు. 2011లో దేశం విడిపోయాక సౌత్ సూడాన్ జెర్సీ వేసుకున్నాడు. ఆ కొత్త దేశానికి ఫిఫా సభ్యత్వం వచ్చింది 2012 మేలో, జులైలోనే రాజధాని జుబాలో ఉగాండాతో 2-2 డ్రా! ఆసియా క్లబ్బుల టోర్నీ అయిన ఏఎఫ్‌సీ కప్‌లో 2013 క్వార్టర్స్ కూడా రాయాల్సింది. కోల్‌కతాలో మొదటి మ్యాచ్ 1-0తో గెలిచిన ఈస్ట్ బెంగాల్, ఇండోనేషియాలోని పడాంగ్‌లో అదే ప్రత్యర్థి సెమెన్ పడాంగ్ క్లబ్‌తో రెండో మ్యాచ్‌లో ఎంత టెన్షన్ పడిందో! అక్కడ మోగా కొట్టిన గోలుతోనే 1-1 అయి సెమీస్ దక్కింది. ఆ డిసెంబర్‌లోనే సొంత దేశంలో అంతర్యుద్ధం మొదలైంది. ఇక్కడ విదేశీ స్ట్రైకర్ ఒక మ్యాచ్‌లో గోలు కొట్టకపోతే చాలు, తిట్టిపోస్తాం. సొంత దేశంలో యుద్ధం సాగుతుంటే ఆయన ఇక్కడ ఆడిన అలాంటి సీజన్ గురించి రెండు వాక్యాలైనా రాయండి.