ధారావిని మద్రాసులో కట్టిన చేయి

సినిమా కళా దర్శకులు తోట తరణి గారి మీద మీరు వేసిన వ్యాసం బాగుంది, కానీ భారీ సెట్ల దగ్గరే ఎక్కువగా ఆగిపోయింది. ‘అర్జున్’ (2004) కోసం హైదరాబాద్‌లో వేసిన మధుర మీనాక్షి గుడి సెట్ అద్భుతమే, కాదనను. నాకు మాత్రం ‘నాయకుడు’ (1987) అంతకంటే గొప్ప పని. ముంబై ధారావి ఇరుకు సందులను, మురికి గోడలను, రేకుల కప్పులను మద్రాసులో కట్టారు. గుడి సెట్ చూడగానే ‘అబ్బా’ అంటాం. మురికివాడ సెట్ బాగా కుదిరితే అది సెట్ అన్న అనుమానమే రాదు, మెచ్చుకోవడమూ మర్చిపోతాం. జాతీయ అవార్డు కమిటీ మర్చిపోలేదు, అదే సంతోషం! తర్వాత ‘భారతీయుడు’కి రెండోసారి ఇచ్చారు. ఆయన తండ్రి తోట వెంకటేశ్వరరావు గారూ కళా దర్శకులే. ఆయన గురించి కూడా వివరంగా రాయండి, దయచేసి.