అదనపు పది పాయింట్ల వారికి ఒక బహిరంగ లేఖ

మహారాజశ్రీ అదనపు పది పాయింట్ల వారికి,

ఇంట్లో రెండో సర్కారు కొలువు లేని ఒక నాన్-స్పౌజ్ టీచర్ నమస్కరించి రాయునది. నేనిక్కడ క్షేమం. మీ క్షేమం అడగక్కర్లేదు, మీరు ఎవరి ఖాతాలో ఉంటే వాళ్లకు బదిలీల్లో హైవే పక్క బడి ఖాయం.

2023 జనవరిలో తెలంగాణ టీచర్ల బదిలీలకు జీవో 5 వచ్చినప్పుడు మీ వైభవం చూశాం. మొగుడూ పెళ్లాలిద్దరూ సర్కారు కొలువులో ఉంటే పది. గుర్తింపు ఉన్న సంఘంలో నాయకుడైతే పది. మిగతావాళ్లం బస్సు రాని ఊళ్లో ఏడాదికి ఇన్నని కూడబెట్టుకున్న పాయింట్లు పట్టుకుని మీ వెనకాల నిలబడ్డాం. ఒకేచోట ఎనిమిదేళ్లు దాటినవాళ్లు ఎలాగూ కదలాల్సిందే. ఎక్కడికన్నదే మీ చేతిలో ఉంది.

మామూలుగా కోర్టులు బదిలీల జోలికి రావు. అమ్రోహాలో పనిచేసే ఒక లెక్చరర్ నోయిడా వైపు మార్చమని అడిగితే, ఫలానా చోటే కావాలని ఉద్యోగి పట్టుబట్టడం కుదరదని 2021లో సుప్రీంకోర్టు తేల్చేసింది. అలాంటిది, మీ పుణ్యమా అని మన హైకోర్టు కూర్చుని పాయింట్లు లెక్కపెట్టాల్సి వచ్చింది. ఫిబ్రవరిలో బదిలీల మీద స్టే. పదో తరగతి పరీక్షలు అయిపోయాయి, ఎండాకాలం సెలవులు అయిపోయాయి, బడులు మళ్లీ తెరిచారు, స్టే మాత్రం కదల్లేదు. మా వాట్సాప్ గ్రూపులో ‘ఈరోజు హియరింగ్ ఉందా సార్?’ అన్న ప్రశ్న గుడ్ మార్నింగ్ స్థానం ఆక్రమించింది. సర్దిన సామాను సర్దినట్టే ఉంది. మా బడిలో లెక్కల సారు మాత్రం మీ మీద ఒక లెక్క తయారుచేసి పిల్లలకిచ్చారు: ‘రాము అడవి పక్క బడిలో పనిచేశాడు, సోము సంఘం ఆఫీసులో పనిచేశాడు. ఇద్దరిలో ముందుగా పట్నం చేరేదెవరు?’ వెనక బెంచీ వాడు కూడా తప్పు చేయలేదు.

ఆగస్టు నెలాఖరున కోర్టు దారి తెరిచింది. సంఘ నాయకుల పది పాయింట్లను తప్పుబట్టింది. దంపతుల పదిని మాత్రం ఉండనిచ్చింది, భార్యాభర్తలు కలిసుండాలన్నదే ఆ నిబంధన ఉద్దేశమంది. మంచి మాటే. 2021 డిసెంబరులో జీవో 317 ఉద్యోగులకు సీనియారిటీ చూసి జిల్లాలు పంచినప్పుడు చెరో జిల్లాలో పడ్డ జంటలను చూసినవాణ్ని. వాళ్లకు మీరు కావాలి, కాదనను.

కానీ నాదొక చిన్న సందేహం. మా ఆవిడ ఇంట్లోనే మిషను కుడుతుంది. బ్లౌజుకు ఇంతని తీసుకుంటుంది, పండగలప్పుడు అర్ధరాత్రి దాకా కూర్చుంటుంది. పెళ్లి మాత్రం అందరిలాగే అయింది. పంతులు గారు అవే మంత్రాలు చదివారు, తాళి కట్టింది కూడా నేనే. అయినా అప్లికేషన్‌లో ‘స్పౌజ్ ఉద్యోగ వివరాలు’ దగ్గర కుట్టుపని అని రాస్తే ఒక్క పాయింటూ పడదు. పక్క సారుకి పడింది, వాళ్లావిడ రెవెన్యూలో జూనియర్ అసిస్టెంటు. అంటే సర్కారు జీతం రెండువైపులా పడితేనే అది కాపురం, లేకపోతే ఏదో తెలిసినవాళ్లు ఒకే ఇంట్లో ఉంటున్నట్టు లెక్కన్నమాట. నేను తొంభై కిలోమీటర్ల అవతల గది అద్దెకు తీసుకుని, శనివారం సాయంత్రం బస్సుకి ఇంటికొస్తే మా చంటిది ‘అమ్మా, సారొచ్చారు’ అంటోంది.

ఆ ఏడాది మిగిలిన బదిలీలు సీనియారిటీ గొడవల్లో, ఎన్నికల కోడ్‌లో చిక్కుకుని చివరికి 2024 వేసవి దాటాక గానీ తెమలలేదు. మధ్యలో పాఠాలు ఎవరు చెప్పారని అడక్కండి, అది పాయింట్లలోకి రాదు.

మా ఆవిడకి మొన్న మీ సంగతంతా వివరంగా చెప్పాను. మిషను మీద నుంచి లేచి, గ్రూప్-4 పుస్తకాలు తెప్పించమంది. పాసైతే మీరు సకుటుంబంగా మా ఇంటికి రావచ్చు. అప్పటిదాకా మా కాపురం అనధికారికమే.

ఇట్లు,
తమ కృపకు నోచుకోని
ఒక స్కూల్ అసిస్టెంట్