మంప్సిమస్ గారికి హార్థిక శుభాకాంక్షలు

ఇంగ్లీషు డిక్షనరీలో ఎం అక్షరం దగ్గర ఒక మాట మూలన పడి ఉంది. పేపర్లలో కనబడదు, పరీక్షల్లో అడగరు, విదేశాలకు పంపించే కోచింగ్ సెంటర్ల వాళ్ళు కూడా దాన్ని బట్టీ పెట్టించరు. ఆ మాట మంప్సిమస్. వినగానే గవదబిళ్ళలకు వేసే టీకా పేరేమో అనిపిస్తుంది. కాదు. తను చేసేది తప్పని ఎదుటివాడు ఋజువుతో సహా చూపించినా మార్చుకోనని భీష్మించుకుని కూర్చునే మనిషిని మంప్సిమస్ అంటారు. ఆ మనిషి పట్టుకు వేళ్ళాడే తప్పును కూడా మంప్సిమస్ అనే అంటారు. కొన్నేళ్ళు గడిచాక మనిషినీ తప్పునీ విడదీయడం ఎలాగూ కుదరదు కాబట్టి, ఒకే పేరు పెట్టి ఇంగ్లీషువాళ్ళు ముందుచూపు చూపించారు.

మన దగ్గర ఇలాంటి భావం లేదని కాదు. పట్టిన కుందేలుకు మూడే కాళ్ళని మన పెద్దలు ఎప్పుడో తేల్చేశారు. కాకపోతే అది సామెత, నాలుగు మాటలు ఖర్చవుతాయి. ఇంట్లో రోజుకు పదిసార్లు అవసరపడే భావానికి ఒక్క మాట ఉంటే పొదుపు. అందుకని యావత్ తెలుగు ప్రజల తరఫున, వాళ్ళెవరూ అడక్కపోయినా, ఈ మాట దిగుమతికి నేను గట్టిగా సిఫారసు చేస్తున్నాను. ముందుగా ప్రయోగాత్మకంగా మా ఇంట్లో ప్రవేశపెట్టాను. నా భార్యకు అర్థం వివరించి చెప్పిన పది నిమిషాల్లోనే, మిక్సీ జార్ మూత ఎడమవైపు తిప్పితేనే బిగుస్తుందని ఇరవై ఏళ్ళుగా వాదిస్తున్న మనిషి ఎవరో ఆవిడకు గుర్తొచ్చింది. మాటకు గిరాకీ ఉందని తేలింది.

ఇక సరుకు పుట్టుపూర్వోత్తరాలు. చర్చిలో పూజంతా లాటిన్‌లోనే సాగే రోజులవి. ప్రసాదం తీసుకున్నాక పూజారి ఒక ప్రార్థన చదవాలి. 'ప్రభూ, నోటితో స్వీకరించిన దీన్ని నిర్మలమైన మనసుతో అందుకుందుము గాక' అని దాని సారాంశం. అందులో 'స్వీకరించాం' అనడానికి లాటిన్ మాట సుంప్సిముస్. లాటిన్ అంతంతమాత్రంగా వచ్చిన ఒక పూజారి దాన్ని ముంప్సిముస్ అని చదివేవాడు. ఆ మాటకు లాటిన్‌లో అర్థం లేదు. మనవాడెవడైనా 'మ్వీకరించాం' అంటే ఎలా ఉంటుందో అలా ఉంటుంది. ఎవరో చదువుకున్నవాడు విని, అయ్యా అది ము కాదు, సు అన్నాడు. పూజారి ఏమాత్రం తొణకలేదు. ముప్పై ఏళ్ళుగా ఇలాగే చదువుతున్నాను, నీ కొత్త సుంప్సిముస్ కోసం నా పాత ముంప్సిముస్‌ను మార్చుకునేది లేదు పొమ్మన్నాడు. అదే ఇంగ్లీషు నోళ్ళలో పడి సంప్సిమస్, మంప్సిమస్ అయింది.

ఈ ముప్పై ఏళ్ళ లెక్క ఇంగ్లండు దౌత్యవేత్త రిచర్డ్ పేస్ 1517లో రాసింది. కథ మాత్రం ఆయన సొంతం కాదు. అంతకు ముందు ఏడాది, 1516 ఆగస్టులో, డచ్చి పండితుడు ఎరాస్మస్ ఒక ఉత్తరంలో ఇదే కథ చెప్పాడు. అందులో పూజారి ఇరవై ఏళ్ళుగా తప్పు చదువుతున్నాడు. అంటే ఒక్క ఏడాదిలో ఆయన సర్వీసు పదేళ్ళు పెరిగింది. ఏ ప్రభుత్వోద్యోగికీ ఇంత సీనియారిటీ కలిసొచ్చిన దాఖలా లేదు.

మన పురాణాల్లో వ్యవహారం ఇంత తేలిగ్గా పోలేదు. ఇంద్రుణ్ణి చంపే కొడుకు కావాలని త్వష్ట యజ్ఞం చేస్తే, 'ఇంద్రశత్రు' అన్నచోట స్వరం తప్పింది. అర్థం తిరగబడి, ఇంద్రుడి చేతిలో చచ్చే కొడుకు పుట్టాడు. అక్షరం కూడా కాదు, ఉత్త స్వరం. అక్కడేమో అక్షరానికి అక్షరమే ఎగిరిపోయినా పూజారికి ముప్పై ఏళ్ళపాటు జలుబు కూడా చేయలేదు. దేవుళ్ళలో కూడా స్ట్రిక్టు ఇన్విజిలేటర్లు, చూసీ చూడనట్టు పోయేవాళ్ళు ఉంటారన్నమాట.

నాకీ మాట మీద మనసు పడటానికి కారణం ఒక ఫ్లెక్సీ. మా చెల్లెలి కూతురి పెళ్ళికి పది బై ఎనిమిది సైజులో ఒకటి వేయించే బాధ్యత నా మీద పడింది. షాపులో కుర్రాడు ఫైల్ తెరిచాడు. రెండు వైపులా గులాబీలు, పైన వినాయకుడు, మధ్యలో పెద్ద అక్షరాలతో 'హార్థిక శుభాకాంక్షలు'.

"బాబూ, అది హార్థిక కాదు, హార్దిక. ద పెట్టాలి" అన్నాను.

"ఇది రెడీ ఫైల్ సార్. ఫొటో మారుస్తాం, పేర్లు మారుస్తాం. హార్థిక మార్చం" అన్నాడు.

హృత్ అంటే హృదయమనీ, దాన్నించి హార్దికం వచ్చిందనీ, గుండెల్లోంచి చెప్పే శుభాకాంక్షలని దాని అర్థమనీ వివరించాను. కుర్రాడు మౌస్ వదిలేసి శ్రద్ధగా విన్నాడు.

"మరి హార్థికం అంటే ఏంటి సార్?"

"ఏమీ లేదు. దానికి అర్థమే లేదు."

"అర్థం లేకపోతే పద్నాలుగేళ్ళ నుంచి ఎలా నడుస్తుంది సార్? ఎమ్మెల్యే గారి బర్త్‌డేకి ఇదే వేశాం. టీచర్ల మీటింగుకీ ఇదే. తెలుగు పండితుడి సన్మానానికి కూడా ఇదే వేశాం, ఆయనే దగ్గరుండి కట్టించుకున్నాడు."

నాకు నోట మాట రాలేదు. మెల్లగా ఆలోచిస్తే కుర్రాడి మాటలో సత్యం కూడా కనబడింది. ఆర్థికానికి ముందు ఒక హ తగిలిస్తే హార్థికం అవుతుంది. చదివింపుల బల్ల వెనకాల కట్టే ఫ్లెక్సీకి హృదయం కంటే అదే దగ్గరి చుట్టం. అయినా నేను పట్టు వదల్లేదు. అదనంగా వంద రూపాయలిచ్చి ద పెట్టించాను. ఇలా అందరికీ అలవాటైన తప్పును తీసేసి దాని స్థానంలో కూర్చోబెట్టే ఒప్పుకు కూడా డిక్షనరీలో పేరుంది. అదే సంప్సిమస్. దాన్ని ఎవరూ దిగుమతి చేసుకోవద్దని నా మనవి. నా మీదే వాడతారు.

ఎరాస్మస్ ఆ పూజారి కథ ఊసుపోక చెప్పలేదు. 1516లోనే ఆయన బైబిలు కొత్త నిబంధనను మూలమైన గ్రీకులో, పక్కనే తను దిద్దిన లాటిన్ పాఠంతో, బాసెల్ నగరంలో అచ్చు వేయించాడు. వెయ్యేళ్ళకు పైగా యూరప్ అంతా చదువుకుంటున్న లాటిన్ బైబిలులో తప్పులున్నాయని దాంతో తేలింది. పెద్దలకు కోపం వచ్చింది. మా తాతలు చదివిందాన్ని దిద్దడానికి నువ్వెవరన్నారు. అప్పుడు ఆయన వాళ్ళనుద్దేశించి ఈ పూజారి కథ వదిలాడు. ఇంతవరకూ న్యాయమే.

అయితే ఎరాస్మస్ గారి అచ్చుకు బోలెడు తొందరగా ఉంది. చివరి పుస్తకమైన ప్రకటన గ్రంథానికి ఆయన దగ్గరున్న గ్రీకు రాతప్రతిలో ఆఖరి ఆకు లేదు. ఆరు వచనాలు గల్లంతు. ఇంకో ప్రతి కోసం ఎవరు తిరుగుతారు? ఏ లాటిన్‌ను దిద్దుతానని బయల్దేరాడో ఆ లాటిన్‌లోంచే ఆ ఆరు వచనాలను వెనక్కి గ్రీకులోకి తర్జుమా చేసి మూలం కింద అచ్చు వేశాడు. లాటిన్‌లో చెట్టును లిగ్నో అంటే, పుస్తకాన్ని లిబ్రో అంటారు. ఆయన చేతిలోని లాటిన్ ప్రతిలో చెట్టుండాల్సిన చోట పుస్తకం ఉంది. దాంతో జీవవృక్షం కాస్తా జీవగ్రంథమైంది. అది ఎడిషన్లు దాటుకుంటూ వెళ్ళి 1611లో వెలువడ్డ జేమ్స్ రాజుగారి ఇంగ్లీషు బైబిలులోకి చేరింది, ఇప్పటికీ అక్కడే ఉంది. మన తెలుగు బైబిలు తీసి చూడండి, జీవవృక్షమనే ఉంటుంది. ఇంతకీ ఆ వచనం ఏం చెబుతోందో తెలుసా? ఈ గ్రంథంలోని మాటలు ఎవడైనా తీసేస్తే వాడికి ఆ జీవవృక్షంలో వాటా లేకుండా దేవుడు చేస్తాడట. సరిగ్గా ఆ వచనంలోనే చెట్టు కొట్టేశారు.

పాపం ఆ పూజారి తప్పు ముప్పై ఏళ్ళు నడిచింది, అదీ కథలో. ఆయన్ని వెక్కిరించినాయన తప్పు ఐదు వందల ఏళ్ళు దాటి నడుస్తోంది, అదీ తోలు అట్టలో, బంగారు అంచు కాగితాల మీద. పండితుడు చేసే తప్పుకు మన్నిక ఎక్కువ.

ఇంగ్లండు రాజు ఎనిమిదో హెన్రీ కూడా ఈ మాట వాడాడు. ఆయన విడాకుల గొడవలో తలదూర్చిన మతపండితులను, బైబిలును ఇంగ్లీషులోకి తర్జుమా చేసిన విలియం టిండేల్ 1530లోనే మంప్సిమస్‌లని తిట్టిపోశాడు. 1545 క్రిస్మస్ ముందురోజు పార్లమెంటులో రాజుగారే నిలబడి, కొందరు పాత మంప్సిమస్ దగ్గర బిగుసుకుపోయారు, కొందరు కొత్త సంప్సిమస్ అంటూ ఎగిరిపడుతున్నారు అని రెండు పక్షాలనూ మందలించాడు. ఆరుగురిని పెళ్ళాడి, ఇద్దరి తలలు తీయించిన మనిషి అందర్నీ కలిసిమెలిసి ఉండమంటే సభ ఎంత నిశ్శబ్దంగా విని ఉంటుందో ఊహించుకోవచ్చు.

రాజుగారికి సొంతంగా ఒక మంప్సిమస్ ఉండేది. 1521లో, పోప్‌ను ఎదిరించిన లూథర్‌ను ఖండిస్తూ పుస్తకం రాసినందుకు పోప్ ఆయనకు 'మతరక్షకుడు' అని బిరుదు ఇచ్చాడు. తర్వాత ఇంకో పోప్ హయాంలో ఆ పీఠంతోనే తెగతెంపులు చేసుకుని, 1534లో ఇంగ్లండు చర్చికి తనే అధిపతినని చట్టం చేయించుకున్నాడు. పోప్ పోయాడు కానీ పోప్ ఇచ్చిన బిరుదు మాత్రం పోలేదు. పార్లమెంటు చేత దాన్ని ఖాయం చేయించుకున్నాడు. ఇవాళ బ్రిటిష్ నాణెం తీసి చూసినా రాజుగారి బొమ్మ చుట్టూ ఎఫ్.డి. అని ఆ బిరుదు లాటిన్ పేరుకు పొడి అక్షరాలు కనబడతాయి. మనవాళ్ళు ఫిక్స్‌డ్ డిపాజిట్ అనుకోవచ్చు. ఐదు శతాబ్దాలుగా విత్‌డ్రా చేయలేదు కాబట్టి అది కూడా పెద్ద తప్పేం కాదు.

ఇన్ని చూశాక నాకు పూజారి మీద జాలి మొదలైంది. ఆయన చేసిన పొరపాటు అక్షరంలో లేదు. ఒంటరిగా చేయడంలో ఉంది. పది ఊళ్ళ పూజారులను కూడగట్టుకుని ఉంటే ఆ కుర్ర పండితుడే దణ్ణం పెట్టి ముంప్సిముస్ అనేవాడు.

కావాలంటే అంపైర్‌ను అడగండి. మధ్యయుగపు ఇంగ్లీషులో ఆయన నౌంపేర్. రెండు జట్లకూ చెందని బేసి మనిషి అని ఫ్రెంచి వైపు నుంచి వచ్చిన మాట. ముందు 'ఎ' పెట్టి 'ఎ నౌంపేర్' అని గబగబా అనేసరికి, జనానికి 'ఎన్ ఔంపేర్' అని వినబడింది. న పక్క మాటకు అతుక్కుపోయింది. ఏప్రన్‌ది కూడా ఇదే కథ, దాని అసలు పేరు నేప్రన్. ఔటో నాటౌటో ఆఖరి మాట చెప్పే మనిషి పేరే తప్పుగా విన్న పేరు. రివ్యూ తీసుకుందామంటే థర్డ్ అంపైర్‌ది కూడా అదే పేరు. బఠాణీది ఇంకో దారి. ఒక్క గింజనైనా పీజ్ అనేవాళ్ళు. చివర్లో జ్ ఉంది కాబట్టి బహువచనమని జనమే తీర్పిచ్చి, తోక కత్తిరించి పీ చేశారు. ఆరెంజ్ అయితే మన పొలిమేరల నుంచే బయల్దేరింది. సంస్కృతంలో నారంగం, అరబ్బీలో నారంజ్. యూరప్ చేరి ఇటలీ, ఫ్రాన్సు తిరిగేలోపు మొదటి న ఎక్కడో దొర్లిపోయింది. మన నారింజకు ఆ న ఇంకా పదిలంగా ఉంది. బజారులో మాత్రం మనం కూడా కిలో ఆరెంజ్ ఎంత అనే అడుగుతున్నాం.

వీళ్ళెవర్నీ ఎవరూ మంప్సిమస్ అనరు. అందరూ కలిసి తప్పితే దాన్ని భాష అంటారు. యూనివర్సిటీలో దానికి ఒక డిపార్ట్‌మెంట్ కూడా ఉంటుంది.

పెళ్ళిరోజు పొద్దున్నే కల్యాణమండపం గేటు దగ్గర నా ఫ్లెక్సీ కట్టారు. ద తళతళ మెరిసిపోతోంది. కాఫీ గ్లాసు పట్టుకుని కాసేపు దాని ముందే నిలబడ్డాను. ముహూర్తానికి గంట ముందు బావమరిది హడావుడిగా వచ్చి నన్ను పక్కకు లాగాడు.

"బావగారూ, టెన్షన్ పడకండి. ఫ్లెక్సీలో స్పెల్లింగ్ తప్పు పడింది. మా పెదనాన్నగారు పట్టుకున్నారు. రిటైర్డు హెడ్‌మాస్టర్ కదా, ఊరికే ఉండలేరు."

గేటు దగ్గరికి పరిగెత్తాను. ప్లాస్టిక్ కుర్చీ ఎక్కి, ఎనభై ఏళ్ళ పెద్దాయన నల్ల మార్కర్‌తో నా ద పొట్టలో చుక్క పెట్టేశారు. కింద గీత గీస్తున్నారు. చుట్టూ నలుగురు కుర్చీ పట్టుకుని ఉన్నారు.

"నువ్వేనా వేయించింది?" అన్నారు నన్ను చూసి. "నలభై ఏళ్ళు పాఠం చెప్పానోయ్. ఆ మూత ఇలా అందుకో."

అందుకున్నాను.