క్లైమాక్స్ ప్రమాదం గారికి

మహారాజశ్రీ ప్రమాదం గారి దివ్యసముఖమునకు,

ఉభయకుశలోపరి అనే మొదలుపెట్టేవాళ్లం. కానీ తమరు వచ్చి వెళ్లాక ఉభయుల్లో కుశలంగా మిగిలేది ఒక్కరే కదా!

హిందీ సినిమాలో పెళ్లయినవాళ్ల మనసు పక్కకు జరిగిందంటే తమరికి కబురు వెళ్లినట్టే. 1964లో ‘సంగమ్’కి పిస్తోలు వేషంలో వచ్చారు. భర్త, భార్య, ఆమె పాత ప్రేమికుడు: ముగ్గురిలో ఒకరు ఎక్కువ. ప్రేమికుడు తనను తానే కాల్చుకుని లెక్క సరిచేశాడు. 2022లో ‘గెహరాయియా’ దాకా అదే వరస, ఈసారి మనిషిని సముద్రంలో పడేశారు.

తమరు ఒళ్లు దాచుకోకుండా పనిచేసింది మాత్రం 1981లో, ‘సిల్సిలా’కి. అన్న నడిపే యుద్ధవిమానం కూలింది. కడుపుతో ఉన్న అతని ప్రియురాలిని హీరో అయిన తమ్ముడు పెళ్లాడాడు. అంటే ఆ పెళ్లి తమరి చేతుల మీదుగా జరిగిందే, పురోహితుడి దక్షిణ దండగ. తర్వాత కారు ప్రమాదం. కడుపు పోయింది, దాంతో ఆ పెళ్లికి ఉన్న ఒక్క కారణమూ పోయింది. పైగా వైద్యం చేసిన డాక్టరు ఎవరనుకున్నారు? హీరోగారి పాత ప్రేయసి మొగుడు! హీరోకీ ఆ పాత ప్రేయసికీ మధ్య దొంగచాటు వ్యవహారం సాఫీగా సాగుతుంటే తమరికి తోచలేదు కాబోలు, ఓ రాత్రి వాళ్ల కారుతో ఎవరినో గుద్దించారు. విచారణకు దిగిన పోలీసు అధికారి హీరో భార్యకు బంధువు. చివరికి డాక్టరు ఎక్కిన విమానాన్ని కూల్చారు. భార్య తాను గర్భవతినని చెప్పింది, హీరో మంటల్లోకి దూకి డాక్టరును కాపాడాడు, ఎవరి కొంపకు వాళ్లు చేరారు. తులిప్ తోటల్లో పాట పాడుకున్న కాసేపే తమరు సెలవు పెట్టినట్టున్నారు.

రెండు విమానాలు, రెండు కార్లు. నలుగురు మనుషులు ఒక గదిలో కూచుని “మనకు పొసగడం లేదు” అనకుండా ఉండటానికి ఇంత ఖర్చు.

అప్పటికే తమరికి పోటీగా ఓ కాగితం ఉంది. 1976లో హిందూ వివాహ చట్టంలో సెక్షన్ 13-బి చేర్చారు, పరస్పర అంగీకారంతో విడాకులకు. ఏడాది విడిగా ఉండాలి, ఇద్దరూ కలిసి పిటిషన్ వేయాలి, ఆర్నెల్లు ఆగి మళ్లీ వచ్చి అదే మాట చెప్పాలి. వాయిదాల మీద పాట కట్టడం కష్టమే, ఒప్పుకుంటాం. పోనీ భారత శిక్షాస్మృతిలోని సెక్షన్ 497? 2018లో సుప్రీంకోర్టు కొట్టేసేదాకా, పరాయివాడి భార్యతో సంబంధం పెట్టుకున్న మగవాడికి ఐదేళ్ల దాకా జైలు. ఫిర్యాదు హక్కు ఆమె భర్తది. హీరో భార్యకు ఆ హక్కూ లేదు. డాక్టరుగారు విమానం టికెట్టు మానేసి మేజిస్ట్రేటు కోర్టుకు ఆటో ఎక్కి ఉంటే, క్లైమాక్స్‌లో హీరో ఎక్కడుండేవాడో!

‘సిల్సిలా’ మరుసటి ఏడాది, 1982లో, ‘అర్థ్’లో తమరికి నాయిక ఇంట్లో పని దొరకలేదు. ప్రియురాలు వద్దన్నాక తిరిగొచ్చిన మొగుణ్ణి భార్య ఒకటే అడిగింది: నేనే ఇలా చేసొస్తే ఏలుకునేవాడివా? లేదన్నాడు. అంతే, తన దారిన తాను పోయింది. తమరు ఊరుకున్నారా? పనిమనిషి ఇంట్లో దూరి, ఆమె చేతనే తాగుబోతు మొగుణ్ణి చంపించి వచ్చారు.

2006లో ‘కభీ అల్విదా నా కెహనా’కి న్యూయార్క్ వెళ్లి హీరో కాలు విరగ్గొట్టారు, నాయిక మామగారి గుండె ఆపారు. ఆయన పోతూ పోతూ తన కొడుకును వదిలేసి వెళ్లిపొమ్మని కోడలితో అన్నాడు. విడాకులకు మరణశయ్య మీది నుంచి అనుమతి!

ఇట్లు,
డాక్టరుగారి విమానంలో వెనక సీట్ల ప్రయాణికులు