తప్పులు లెక్కపెట్టడమే తప్పా?

సెప్టెంబరు 17 వచ్చిందంటే బెంగళూరు ఆసుపత్రుల్లో నారింజ రంగు దీపాలు వెలుగుతాయి. నర్సింగ్ విద్యార్థినులు స్కిట్ వేస్తారు, పేషెంట్ సేఫ్టీ ప్రతిజ్ఞ చదువుతారు, గ్రూప్ ఫొటో దిగుతారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019 నుంచి ఈ రోజును రోగి భద్రతా దినంగా జరుపుతోంది, జరపాల్సిందే. కానీ ఏడాదిలో ఎన్ని మందులు తారుమారయ్యాయి, ఎన్ని ఆపరేషన్ల తర్వాత ఇన్ఫెక్షన్ వచ్చింది, ఎందుకు వచ్చింది అని లెక్కలు తీసి పరిశోధన పత్రం రాస్తానన్న యువ డాక్టరుకు మన ఆసుపత్రుల్లో వినిపించే జవాబు ఒకటే: ‘ఇవన్నీ బయటికి పోకూడదు.’ మా అభ్యంతరమంతా ఈ ఒక్క మాట మీదే.

ఈ మాట కొత్తది కాదు. వందేళ్ల కిందట బోస్టన్‌లో ఎర్నెస్ట్ కాడ్‌మన్ అనే సర్జన్, ఆపరేషన్ చేసిన ప్రతి రోగి చివరికి ఏమయ్యాడో ఆసుపత్రులు లెక్క చెప్పాలన్నాడు. తను పెట్టుకున్న చిన్న ఆసుపత్రిలో 337 మంది రోగులకు వైద్యం చేసి, అందులో 123 తప్పులు జరిగాయని తనే అచ్చువేసి పంచాడు. తోటివాళ్లు వెలివేశారు, పదవులు పోయాయి. 1940లో చనిపోతే సమాధి మీద పేరు కూడా లేదు. 2014లో గానీ రాయి పెట్టలేదు. ఇప్పుడు అమెరికాలో ఆసుపత్రులకు నాణ్యతా గుర్తింపు ఇచ్చే జాయింట్ కమిషన్ ఆయన పేరు మీద అవార్డు కూడా పెట్టింది. బెంగళూరులో కొన్ని పెద్ద ఆసుపత్రుల రిసెప్షన్‌లో బంగారు రంగు ముద్రతో కనిపించే సర్టిఫికెట్ ఆ సంస్థ అంతర్జాతీయ విభాగానిదే. గోడకు ముద్ర కావాలి, ఆయన చేసిన పని మాత్రం వద్దు. ఇదెక్కడి న్యాయం?

బళ్లారి మనకు పరాయి ఊరు కాదు. 2024 నవంబరులో అక్కడి జిల్లా ఆసుపత్రిలో సిజేరియన్ అయిన తల్లులు ఒకరి తర్వాత ఒకరు చనిపోయినప్పుడు, ఎక్కించిన సెలైన్ మీద అనుమానం వచ్చింది. డ్రగ్ కంట్రోలర్‌ను సస్పెండ్ చేశారు, కంపెనీని బ్లాక్‌లిస్టులో పెట్టారు. ఆ తర్వాత రాష్ట్ర ప్రభుత్వమే మాతృమరణాలను ఆడిట్ చేయిస్తే, వాటిలో 70 శాతానికి పైగా ఆపగలిగినవేనని తేలింది. లెక్కపెడితే తెలిసే సంగతి అది. ప్రాణాలు పోయాక కాదు, ముందే లెక్కపెట్టేవాళ్లు ఉండాలి.

ఆ లెక్క ఎలా ఉంటుందో ఒక్కటి చూడండి. మదనపల్లె నుంచి కీళ్లవాతంతో బెంగళూరు వచ్చిన పెద్దావిడకు డాక్టరు మెథోట్రెక్సేట్ రాస్తారు. అది వారానికి ఒక్కరోజే వేసుకోవాల్సిన మందు. చీటీ ఇంగ్లిషులో ఉంటుంది, ఫార్మసీ కౌంటర్లో కుర్రాడు కన్నడంలో చెబుతాడు. ఆవిడ బీపీ మాత్రతో పాటు దాన్నీ రోజూ వేసుకుంటుంది. కొన్నాళ్లకు నోరంతా పుండ్లు, రక్తకణాలు పడిపోతాయి, ప్రాణం మీదికి వస్తుంది. ప్రపంచమంతటా డాక్టర్లకు బాగా తెలిసిన పొరపాటు ఇది. ఇందులో దుర్మార్గులెవరూ లేరు. డాక్టరు సరిగానే రాశారు, కుర్రాడు తనకు వచ్చిన భాషలో చెప్పాడు. తప్పు జరిగింది ఈ ఇద్దరికీ మధ్య ఉన్న సందులో. చీటీ మీద ‘సోమవారం మాత్రమే’ అని తెలుగులో రాయించడం, నెలకు నాలుగు మాత్రలకు మించి ఇవ్వకపోవడం లాంటి చిన్న మార్పులతో ఆ సందు మూసుకుపోతుంది. కానీ అనంతపురం, హిందూపురం, కర్నూలు నుంచి వచ్చేవాళ్లలో ఎంతమందికి ఇలా జరుగుతోందో తెలియాలంటే, కేసులు పోగుచేసి చదివే మనిషి కావాలి. ఆ మనిషికి జీతం కావాలి, ప్రమోషన్ కావాలి, ఫైళ్లు చూసే అనుమతి కావాలి. మన మెడికల్ కాలేజీల్లో పేషెంట్ సేఫ్టీ చదివినవాళ్లకు ఆ దారేదీ? క్వాలిటీ డిపార్ట్‌మెంట్ అని బోర్డు ఉంటుంది. మన దేశంలో ఆసుపత్రులకు నాణ్యతా గుర్తింపు ఇచ్చే ఎన్‌ఏబీహెచ్ తనిఖీ వస్తోందంటే రాత్రికి రాత్రి రిజిస్టర్లు నింపడమే అక్కడి పని అని లోపల పనిచేసేవాళ్లే చెప్పుకుంటారు.

కేంద్రం మాత్రం అన్నీ రాసిపెట్టుకుంది. 2018లో తెచ్చిన జాతీయ రోగి భద్రతా అమలు ప్రణాళికలో తప్పిదాలను నమోదు చేసే వ్యవస్థ ఒక లక్ష్యం, రోగి భద్రత మీద పరిశోధన మరో లక్ష్యం. గడువు 2025. ఆ గడువు అయిపోయింది. తప్పు చెప్పినవాళ్లను కాపాడే చట్టం మాత్రం ఇప్పటికీ రాలేదు.

లెక్కలు బయటపెడితే లాయర్ నోటీసులు వస్తాయని, క్యాజువాలిటీలో డాక్టర్ల మీద చేయి చేసుకుంటున్న రోజులివని యాజమాన్యాలు అంటున్నాయి. ఆ భయం నిజమే. అయితే దానికి మందు దాచిపెట్టడం కాదు. మందు వికటిస్తే పంపే ఫార్మకోవిజిలెన్స్ ఫారం మీద, రిపోర్టు ఇచ్చినంత మాత్రాన తప్పు ఒప్పుకున్నట్టు కాదని స్పష్టంగా ఉంది. కేరళలో ప్రసూతి డాక్టర్లు 2004 నుంచి తల్లుల మరణాలను, డాక్టరు పేరు, ఆసుపత్రి పేరు బయటపెట్టకుండానే సమీక్షిస్తున్నారు. రిపోర్టు ఇచ్చిన నర్సు మీద ఆ రిపోర్టు ఆధారంగా చర్య తీసుకోకూడదని డెన్మార్క్ 2004లోనే చట్టం అమలుచేసింది. ఇవన్నీ మన ముందే ఉన్నాయి.

అయినా రాత్రి డ్యూటీ నర్సు, డిస్టిల్డ్ వాటర్ అనుకుని, నేరుగా ఎక్కిస్తే గుండె ఆగిపోయే పొటాషియం క్లోరైడ్ చేతిలోకి తీసుకుని, చివరి క్షణంలో చూసుకుని పక్కన పెట్టిందనుకోండి. ఆ సంగతి ఫారం మీద రాస్తే తెల్లారేసరికి మెమో. ఇంకోసారి రాస్తుందా? ఆమె రాయకపోతే పరిశోధకుడు చదివేదేముంది? రెండూ ఒకలాగే కనిపిస్తున్నాయి, వేర్వేరు చోట్ల పెట్టండి అని చెప్పేవాళ్లు ఎవరుంటారు? చెప్పినవాళ్లే దోషులన్న అలవాటు ఒక వార్డులో మొదలైతే ఆసుపత్రి అంతా నోరు మూసుకుంటుంది. రేపు బళ్లారి లాంటిది మరోటి జరిగినా ముందుగా పసిగట్టేవాళ్లు ఉండరు.

2017లో కర్ణాటక ప్రైవేటు ఆసుపత్రులను నియంత్రించే కేపీఎంఈ చట్టాన్ని సవరించినప్పుడు ప్రైవేటు డాక్టర్లు సమ్మెకు దిగారు, నగరమంతా అల్లాడింది. ధరల మీద, శిక్షల మీద అంత పోరాడినవాళ్లు, తమ తప్పులను నిర్భయంగా చెప్పుకునే రక్షణ కావాలని ఒక్కసారైనా రోడ్డెక్కారా? ప్రభుత్వం ఇప్పుడైనా ఆ చట్టంలో రిపోర్టులకు రక్షణ కల్పించే నిబంధన చేర్చాలి, మెడికల్ కాలేజీల్లో రోగి భద్రతా పరిశోధనకు శాశ్వత పోస్టులు మంజూరు చేయాలి. ఆసుపత్రి యాజమాన్యాలు అంతవరకూ ఆగనక్కర్లేదు, ఈ నెల నుంచే ఫారం రాసిన నర్సుకు మెమో ఇవ్వడం మానేయొచ్చు. అదీ చేతకాకపోతే రోగి భద్రత పేరుతో ప్రతిజ్ఞలు చదివించడం మానేయండి.